మీరు దిద్దిన నోట్‌బుక్కే మీ అపాయింట్‌మెంట్ ఆర్డర్

ప్రైవేటు స్కూలు మానేశాక మూడు నెలల జీతం ఇవ్వట్లేదు, అపాయింట్‌మెంట్ ఆర్డర్ కూడా లేదు, కేసు నిలుస్తుందా అని అడిగారు. నిలుస్తుందండి. నాకు నిలిచింది.

2018లో వరంగల్ దగ్గర ఒక హైస్కూల్లో లెక్కలు చెప్పేదాన్ని. జీతం 14 వేలు, చేతికి క్యాష్. నవంబర్ నుంచి "ఫీజులు వసూలు కాగానే ఇస్తాం మేడమ్" అనే మాట మొదలైంది. పదో తరగతి పిల్లల్ని మధ్యలో వదల్లేక మార్చి దాకా చెప్పాను. ఐదు నెలలకు 70 వేలు ఆగిపోయాయి.

ముందు లేబర్ ఆఫీసుకెళ్తే, టీచర్లు చట్టం చెప్పే వర్క్‌మెన్, అంటే కార్మికుల కిందికి రారమ్మా అన్నారు. 1988లో సుందరాంబాళ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది అదేనట. చదువు చెప్పడం పవిత్రమైన వృత్తే, కాదనను. కానీ ఇంటి అద్దె మాకూ నెలనెలా కట్టాల్సిందే కదా! ఇప్పుడు కాలం మారింది. 2025 నవంబర్ 21 నుంచి వేతనాల కోడ్ అనే కొత్త చట్టం అమల్లోకి వచ్చింది, అందులో ఉద్యోగి అనే మాటకు అర్థం చాలా విశాలం. మిమ్మల్ని వెనక్కి పంపితే ఆ మాటే కాగితం మీద రాసిమ్మనండి.

నన్ను గట్టెక్కించింది జిల్లా న్యాయ సేవాధికార సంస్థ. కోర్టు ఆవరణలోనే ఉంటుంది. ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. కేసు వేయకముందే అర్జీ పెట్టుకోవచ్చు, కోర్టు ఫీజు లేదు, అవతలివాళ్లకు నోటీసు వాళ్లే పంపుతారు.

అలా మా అర్జీ లోక్ అదాలత్‌కి, అంటే రాజీతో తగువులు తేల్చే వేదికకు వచ్చింది. ఆ రోజు స్కూలు కరస్పాండెంట్ లాయర్‌తో వచ్చి, "ఈవిడ మా స్టాఫే కాదు సార్, అప్పుడప్పుడూ ట్యూషన్ చెప్పి వెళ్లేవారు" అన్నాడు. నాకు కాళ్లు వణికాయి. బ్యాగులోంచి మా స్టూడెంట్ నోట్‌బుక్ తీసి బల్ల మీద పెట్టాను. పరీక్షలయ్యాక వాళ్లమ్మ పాత పేపర్లతో పాటు తూకానికి వేయబోతుంటే అడిగి తెచ్చుకున్నది. అట్ట మీద స్కూలు పేరు, లోపల నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకా పేజీ పేజీకీ ఎర్ర ఇంకుతో నా సంతకం, తేదీ. జడ్జిగారు ఒక్కో పేజీ తిప్పుతూ, "ట్యూషన్‌కి వచ్చినావిడ మీ స్కూలు హోంవర్క్ రోజూ దిద్దిందా?" అని అడిగారు. ఆయన నోరు పెగల్లేదు.

చివరికి 60 వేలకు రాజీ, రెండు చెక్కులు. పదివేలు వదులుకున్నందుకు ఇప్పటికీ బాధే, కానీ లోక్ అదాలత్ అవార్డు, అంటే అక్కడిచ్చే తీర్పు, సివిల్ కోర్టు డిక్రీతో సమానం, అప్పీలుండదు. రాజీ కుదరకపోతే జీతం రావాల్సిన రోజు నుంచి మూడేళ్లలోపు సివిల్ దావా వేసుకోవాలి.

అసలు 1994 జనవరి 1 నాటి జీవో నంబర్ 1 ప్రకారం ఫీజుల్లో సగం సిబ్బంది జీతాలకే ఖర్చు పెట్టాలి. ఏ పేరెంట్స్ మీటింగులోనైనా ఈ మాట విన్నారా? ఎండాకాలం టీచర్లను అడ్మిషన్ల కోసం ఇంటింటికీ తిప్పుతారు, ఆ నెల జీతం మాత్రం సగమే. ఒరిజినల్ సర్టిఫికెట్లు లాక్కుని బీరువాలో పెట్టుకోవడం ఇంకా ఘోరం. దయచేసి ఎవ్వరికీ ఒరిజినల్స్ ఇవ్వకండి.

స్కూలు వాట్సాప్ గ్రూపులోంచి మిమ్మల్ని తీసేయకముందే స్క్రీన్‌షాట్లు తీసుకోండి. మీరు దిద్దిన నోట్‌బుక్ ఏ పిల్లల దగ్గరైనా ఉందేమో ఈ ఆదివారమే వెళ్లి అడగండి.