వానకు డబ్బులెవరిస్తారు తల్లీ

తల్లీ,

ముందు ఒక మాట. ఇంకెప్పుడూ నాకు ‘గౌరవనీయులైన సార్’ అని రాయొద్దు. మీ నాయన నన్ను అన్నా అంటాడు, ఆ లెక్కన నేను నీకు పెదనాయన. నువ్వు పంపించిన సినిమా స్క్రిప్టు పోయిన వారం రెండుసార్లు చదివాను, ఒకసారి రచయితగా, ఇంకోసారి నిర్మాతగా. రచయితగా చదివితే బాగుంది. నిర్మాతగా చదువుతుంటే నలభయ్యో పేజీ దగ్గర లేచి బీపీ మాత్ర వేసుకున్నాను.

63 సీన్లు, 31 లొకేషన్లు. అందులో రాత్రి సీన్లు 18, వాన ఐదుసార్లు. తిరుమల కొండ మీద గుడి లోపల ఒక సీను పెట్టావు, సెల్‌ఫోనే లోపలికి తీసుకుపోనివ్వరు కదా, కెమెరా ఎట్లా పోతుందనుకున్నావు? ఆఖర్లో మన తిరుపతి గంగమ్మ జాతర, ‘పదివేల మంది జనం’ అని బ్రాకెట్లో రాశావు. రాయడానికి నీకు అర నిమిషం పట్టి ఉంటుంది. ఆ పదివేల మందికి మధ్యాహ్నం భోజనం ఎవరు పెట్టాలి?

నేనూ ఇట్లా రాసినవాణ్ణే. 1995లో ఈటీవీ, జెమినీ రెండూ మొదలయ్యాయి. అంతకు ముందు తెలుగువాళ్ళకు టీవీ అంటే దూరదర్శనే, అక్కడ చాలా సీరియళ్ళు పదమూడు వారాల్లో అయిపోయేవి. ఒక్కసారిగా పొద్దున్నించి రాత్రి దాకా నింపాల్సిన ఛానళ్ళు వచ్చేసరికి, రాసేవాళ్ళ కోసం వెతుకులాట మొదలై, పరిషత్తు నాటకాలు రాసుకుంటూ తిరుపతిలో తిరిగే నాలాంటి వాళ్ళకు కూడా కబురొచ్చింది. మరుసటి ఏడాది నారాయణాద్రి రైలెక్కి హైదరాబాద్ పోయాను. కృష్ణానగర్‌లో ఒక గదిలో నలుగురం, వంతులవారీగా మంచం.

అప్పుడు రాసిన ఒక సీరియల్లో, హీరోయిన్ పుట్టింటి గడప ముందు నిలబడే సీనుకు ‘బయట జోరుగా వాన’ అని రాశాను. మూడు మాటలు. డైరెక్టర్ వాన లేకుండానే తీసేశాడు, నేను వారం రోజులు అతనితో మాట్లాడలేదు, నా సీను చంపేశాడని. పదేళ్ళ తర్వాత నేనే నిర్మాతనై సీరియల్ తీస్తూ, ఆ కసి ఇంకా పోక, అట్లాంటి సీనే మళ్ళీ రాసుకున్నాను. ఈసారి వాన పడాల్సిందే అన్నాను. రెండు వాటర్ ట్యాంకర్లు, చిల్లుల పైపులు, జనరేటర్, ఆ అమ్మాయికి ఒకే రకం చీరలు మూడు (ఒకటి తడిస్తే రెండో టేక్‌కు ఇంకోటి కావాలి కదా), రాత్రి పదకొండుకు మొదలుపెడితే రెండున్నర, అందరికీ డబుల్ బత్తా, అంటే రోజు ఖర్చుల డబ్బు రెండింతలు. పొద్దున్నే ఆ అమ్మాయికి జ్వరం, షూటింగ్ క్యాన్సిల్, మిగతా ఆర్టిస్టుల కాల్షీట్లు గాలికి పోయాయి. టీవీలో ఆ వాన నిమిషంన్నర కనిపించింది. మా అమ్మ ఫోన్ చేసి, ‘ఆ పాప బాగా ఏడ్చిందిరా, మధ్యలో ఆ వానెందుకు పెట్టినావు, ఒక్క మాటా వినపడలా’ అంది.

ఇప్పుడు అదే సీను రాయమంటే, తలుపు తీసేసరికి ఆ పిల్ల కొంగు పిండుకుంటూ నిలబడి ఉంటుంది. వాన చప్పుడు వెనకాల సౌండ్‌లో వస్తుంది. ఒక బిందె నీళ్ళు చాలు.

నేను ఖర్చు తగ్గించుకోమని చెబుతున్నాననుకుంటావేమో. కాదు. ఏ మాటకు ఎంత ఖర్చవుతుందో తెలిసిన రచయిత మాటను సెట్‌లో ఎవరూ అంత సులభంగా కొట్టెయ్యలేరు. తెలియనివాడు ఇరవై కోరుకుంటాడు, ప్రొడక్షన్ మేనేజర్ పదిహేను కొట్టేస్తాడు, ఆ పదిహేనులో నువ్వు ప్రాణం పెట్టి రాసిన ఒక్కటి కూడా పోతుంది, అది పోయిందని అతనికి తెలియను కూడా తెలియదు.

నీ జాతర సంగతి చూద్దాం. చిన్నప్పటి నుంచి చూసినదే కాబట్టి క్లైమాక్స్‌లో పెట్టుకున్నావు, మంచిదే. కానీ ఆ కథనే ఒకసారి మళ్ళీ తలుచుకో. ఆడవాళ్ళను చెరుస్తున్న పాలెగాడు గంగమ్మకు భయపడి దాక్కుంటాడు. ఆమె బైరాగి వేషం వేస్తుంది, బండ వేషం వేస్తుంది, తోటి వేషం వేస్తుంది, వాడు బయటికి రాడు. దొర వేషం కట్టిన రోజు, తన దొరే వచ్చాడనుకుని వస్తాడు, చస్తాడు. రోజుకో వేషం, రోజుకో ఎపిసోడ్, ‘రేపు దొరుకుతాడా’ అని జనాన్ని ఇంటికి పంపించడం. డైలీ సీరియల్ మనం కనిపెట్టామనుకుంటాం గానీ తిరుపతి వీధుల్లో అది ఎప్పటి నుంచో నడుస్తోంది.

నువ్వు పాలెగాడు చావగానే కథ ఆపేశావు. మా అమ్మ చెప్పిన కథలో ఆ మరుసటి రోజు ఉంది, మాతంగి వేషం. చంపిన అమ్మవారే, వాడి పెళ్ళాన్ని ఓదార్చడానికి వెళుతుంది. ఒక ఇల్లు, ఇద్దరు ఆడవాళ్ళు. ఒకామె మొగుణ్ణి ఇంకొకామె చంపింది. ఏం మాట్లాడుకుంటారు? ఈ ఒక్క సీను నువ్వు సరిగ్గా రాస్తే పదివేల మందిని పిలవాల్సిన పని లేదు, వాళ్ళను డప్పుల చప్పుడులో పెట్టేస్తే సరిపోతుంది. ఇంకా కావాలంటే జాతర అయిపోయాక సందులో, ఆడవేషం కట్టుకున్న మగాయన అరుగు మీద కూర్చుని జడ విప్పుకుంటూ బీడీ ముట్టించుకోవడం చూపించు, జాతరంతా అందులో కనబడుతుంది. పోయిన నెలే చూసుంటావు.

డైలాగుల దగ్గర కొంచెం కోపమొచ్చింది. నీ కథంతా మన తిరుపతి దగ్గరి పాకాలలో జరుగుతుంది, మనుషులేమో టీవీ భాష మాట్లాడతారు. సీమ యాస మాత్రం పనిమనిషికీ రౌడీకీ పెట్టావు. హైదరాబాద్‌లో కూర్చుని రాసేవాళ్ళు చేసే తప్పు ఇది, నువ్వు కూడా చేస్తే ఎట్లా? యాస అంటే ‘యాడికి’, ‘ఎట్లుండావు’ అని చల్లడం కాదు, అసలు ఏం మాట్లాడకుండా ఊరుకుంటారన్నది కూడా యాసలో భాగమే. 22వ సీన్లో కూతురు ‘నాన్నా, నువ్వు నన్ను ఎప్పుడూ అర్థం చేసుకోలేదు’ అంటుంది. మన ఇళ్ళల్లో ఏ కూతురు అంది ఈ మాట? కంచం పక్కకు జరుపుతుంది, ‘నాకొద్దులే’ అంటుంది, లేచిపోతుంది. నాయన పలకడు. కొంచెంసేపటికి వాకిట్లోకి వచ్చి ‘బస్సుకు చిల్లరుందా’ అని అడుగుతాడు. ఆ చిల్లర మాట రాయగలిగితే నువ్వు రచయితవే.

సీరియళ్ళకు రాయడం చిన్నతనమా అని అడిగావు. చిన్నతనమేమీ కాదు గానీ నడుములు పోతాయి. అరగంట స్లాట్‌లో యాడ్లు పోగా ఇరవై, ఇరవై రెండు నిమిషాలు మనది, వారానికి ఐదారు ఎపిసోడ్లు. కథ ఒకరిది, స్క్రీన్‌ప్లే ఇంకొకరిది, మాటలు మరొకరివి, వీటన్నిటి మీదా ఛానల్ వాళ్ళ క్రియేటివ్ టీం. గురువారం రేటింగులు రాగానే మొన్న ఓకే అయిన ట్రాక్ ఇవాళ పనికిరాకుండా పోతుంది. ఒకరోజు పొద్దున ఆరింటికి మేనేజర్ ఫోను: ‘సార్, అత్తగారికి సినిమా ఛాన్సొచ్చింది, ఇరవై రోజులు రాదు.’ అప్పటికే కోడలు అత్తగారి కాళ్ళు పట్టుకునే సీనుకు సెట్ వేసేశారు. తొమ్మిదింటికి మొదటి షాట్. అత్తగారిని కాశీకి పంపించి, ఆమె ఫోటో ముందు కోడలిని కూర్చోబెట్టి ఏడిపించాను. ఆ వారం రేటింగు పెరిగింది, అదేం ఖర్మమో. అంత టెన్షన్లో నాలుగేళ్ళు రాస్తే చెయ్యి తిరుగుతుంది, ఆ తర్వాత కూడా అక్కడే ఉండిపోతే చెయ్యి మొద్దుబారుతుంది. ఎప్పుడు బయటికి రావాలో ఎవరూ చెప్పరు, నేనైతే ఆలస్యంగా వచ్చాను.

నిర్మాతవ్వాలని కూడా రాశావు. అవ్వు, కానీ వడ్డీ డబ్బుతో మాత్రం వద్దు. రోజుకు ఒక ఎపిసోడంత ఫుటేజ్ రాకపోతే నిర్మాత మునిగినట్టే, వచ్చినా ఛానల్ డబ్బులు నెలలు గడిచాకే వస్తాయి, లైట్ బాయ్‌కి మాత్రం సాయంత్రం పేకప్ చెప్పగానే బత్తా ఇవ్వాలి. ఆ మధ్యలోని గుంటను ఎవడి డబ్బుతో పూడుస్తావన్నదే ప్రొడక్షన్. నాకు ఒక ఛానల్ ఆర్నెల్లు డబ్బు ఆపింది, ఆ ఏడాది మీ పెద్దమ్మ గాజులు బ్యాంకులో ఉన్నాయి. మన చిత్తూరు పేరును ఇంటిపేరులా మోసిన నాగయ్య గారు పుట్టింది గుంటూరు వైపు, చిత్తూరులో నాటకాలు వేసి ఆ పేరు తెచ్చుకున్నారు. ఆ రోజుల్లో లక్షల్లో సంపాదించిన నటుడు, సొంత సినిమాలకూ దానధర్మాలకూ పెట్టి 1973లో దాదాపు ఏమీ లేకుండా పోయారు. ఆయనంతటివాడికే తప్పలేదు.

ఇప్పుడు కాగితాల సంగతి, ఇది మాత్రం శ్రద్ధగా చదువు. కథ చెప్పడానికి వెళ్ళేముందే పూర్తిగా రాసిపెట్టుకుని రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించు. అది హక్కు ఇవ్వదు, ఫలానా తేదీకి ఈ కథ నీ దగ్గర ఉందని సాక్ష్యం ఇస్తుంది. నేను ఒక ఆఫీసులో రెండు గంటలు నోటితో కథ చెప్పి, టీ తాగి వచ్చాను. ఏడాదిన్నర తర్వాత థియేటర్లో కూర్చుని నా ఇంటర్వెల్ నేనే చూశాను. లాయర్ దగ్గరికి పోతే ఆయన సుప్రీంకోర్టు 1978లో ఆర్.జి. ఆనంద్ కేసులో చెప్పిన మాట వినిపించాడు: ఆలోచన మీద ఎవరికీ కాపీరైట్ లేదు, దాన్ని రాసిన తీరు మీదే ఉంటుంది. నా దగ్గర రాసిన తీరు ఏదీ? నోటిమాట తప్ప ఏమీ లేదు.

అగ్రిమెంట్ ఇస్తే ‘ఇంటికెళ్ళి చదువుకుని వస్తాను’ అను, ఎవరూ ఏమీ అనుకోరు, అనుకునేవాడి దగ్గర పని చెయ్యొద్దు. ఎంతకాలానికి హక్కు రాసిస్తున్నావో అందులో లేకపోతే ఐదేళ్ళకేనని, ఏ ప్రాంతానికో లేకపోతే ఇండియా వరకేనని కాపీరైట్ చట్టం 19వ సెక్షన్ చెబుతుంది. అందుకే వాళ్ళు ‘శాశ్వతంగా, ప్రపంచమంతటా’ అని ముందే టైపు చేయించి ఉంచుతారు. 2012లో చట్టాన్ని సవరించి, సినిమాలో వాడిన రచనను థియేటర్ బయట ఇంకో రకంగా వాడుకున్నప్పుడు వచ్చే రాయల్టీని రచయిత వదులుకోవడానికి వీల్లేదన్నారు. నాకైతే ఆ రకంగా ఇప్పటిదాకా ఒక్క రూపాయీ రాలేదు, అయినా ఆ క్లాజ్ కొట్టేసిన కాగితం మీద సంతకం పెట్టకు. మొదటి సినిమాకు డబ్బు తగ్గించుకోవాల్సి వస్తే తగ్గించుకో, టైటిల్ కార్డులో పేరు మాత్రం అడిగి రాయించుకో. పేరు లేకుండా ఘోస్ట్‌గా ఒక్కసారి రాస్తే చాలు, ఆ తర్వాత అందరూ ఆ పనికే పిలుస్తారు.

సరే, పని చెబుతాను. నాలుగు రంగుల పెన్నులు కొనుక్కో. స్క్రిప్టు మొత్తం మీద మనుషులకు ఒక రంగు, చోట్లకు ఒకటి, రాత్రికి ఒకటి, అద్దెకు తెచ్చుకోవాల్సిన ప్రతిదానికీ ఒకటి గీయి. మేం బ్రేక్‌డౌన్ అంటాం. గీసేటప్పుడే నీకు సిగ్గేస్తుంది, నాకూ వేసింది. 31 లొకేషన్లను తొమ్మిదికి తీసుకురా. మాతంగి సీను కొత్తగా రాయి, మూడు పేజీలు దాటకుండా.

అవి పట్టుకుని వచ్చే బుధవారం రా. శనివారం వద్దు, ఆ రద్దీలో బస్టాండ్ నుంచి మా ఇంటికి రావడానికే గంట పడుతుంది. పొద్దున పది లోపల వస్తే ఎండ తగలదు. మీ నాయన్ని బేనీషా మామిడికాయలు పంపించమను, మాగినవి కాదు, కాయలే, ఇంట్లో గడ్డిలో వేసుకుంటాం.

ఇట్లు
మీ పెదనాయన
తిరుపతి