కోర్టుకు పరిగెత్తే ముందు

అబ్బయా,

సస్పెన్షన్ సంగతి మీ అమ్మ ఫోన్లో చెప్పింది. రేపే కావలిలో రైలెక్కి హైకోర్టు వకీలు కాడికి పోతానన్నావంట. ఆగు. ముందస్తు పర్మిషన్ లేకుండా హెడ్‌క్వార్టర్, అంటే నిన్ను ఉండమన్న ఊరు, దాటితే అది ఇంకో చార్జి. అర్జీ పెట్టి పో.

"నేను తప్పు చేయలేదు" అన్నా ఈ దశలో కోర్టు అందులోకి దిగదు. సస్పెన్షన్ శిక్ష కాదు, విచారణ అయ్యేదాకా పక్కన కూర్చోబెట్టడమే అంటుంది. ఇచ్చినాయనకు అధికారం ఉందా, కక్షతో ఇచ్చాడా, ఇచ్చి నానుస్తున్నారా, ఇవే చూస్తుంది. నీ ఆర్డరు 1991 సీసీఏ రూల్సులో, అంటే మన ఉద్యోగుల క్రమశిక్షణ రూల్సులో, 8వ రూలు కింద ఇచ్చిందే, సంతకం నిన్ను నియమించిన అధికారిదే. కక్ష అనే మాట కాగితం చూపలేకపోతే ఎత్తబాకు. ఇక నీకు మిగిలింది క్యాలెండరే.

2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో సుప్రీంకోర్టు చెప్పిందిది: మూడు నెలల్లో చార్జిమెమో, అంటే ఆరోపణలు రాసిన కాగితం, ఇవ్వకపోతే సస్పెన్షన్ సాగకూడదు, ఇస్తే పొడిగింపుకు కారణాలు రాయాలి. తమాషా ఏందంటే, చౌదరికి అప్పటికే ఆ కాగితం అందింది, ఆ మాట ఆయనకే అక్కరకు రాలా. గడువు దాటగానే ఆర్డరు దానంతటదే పోతుందని మాత్రం అనుకోబాకు. ఎత్తేయమని అర్జీ పెట్టి, అందినట్టు ముద్ర వేయించుకుని, అప్పుడు హైకోర్టులో రిట్ వేయాలి. పై అధికారికి అప్పీలు మాత్రం ఇప్పుడే వేయి. అది వదిలేసి వచ్చావేమని జడ్జిగారు అడుగుతారు.

చార్జిమెమో వస్తే తీసుకో. నా సస్పెన్షన్ అప్పుడు నేను పౌరుషానికి పోయి ఆర్డరు తీసుకోనన్నా. అటెండరు తలుపుకు అంటించి పోయాడు. పాలు పోసే ఆమెతో సహా వీధంతా చదివింది. తేదీ మాత్రం వాళ్లు రాసుకున్నదే చెల్లింది. సంతకం కింద తేదీ వేయి, కవరు పారేయబాకు.

సస్పెన్షన్లో ఉన్నప్పుడు ఇచ్చే జీవనభృతికి నెలనెలా వేరే పని చేయడం లేదని సర్టిఫికెట్ ఇవ్వాలి. మీ బామ్మర్ది రొయ్యల గుంట కాడ మేత లెక్కలు రాయడానికి కూర్చోబాకు, ఫోటో తీసేవాళ్లు ఎక్కువ. మొదట వచ్చేది అర్ధజీతపు సెలవులో వచ్చే జీతమంత, దాని మీద డీఏ. ఆలస్యం నీవల్ల కాకపోతే తర్వాత పెంచొచ్చు, అడిగి పెంచుకో. భృతి ఆపితే మాత్రం నాకు వెంటనే చెప్పు. తిండికి లేకుండా చేసి ఎంక్వైరీ జరిపితే ఆ ఎంక్వైరీయే చెల్లదని 1999లో పాల్ ఆంథొనీ కేసులో తేల్చారు.

కోర్టు సస్పెన్షన్ ఎత్తేసినా ఎంక్వైరీ పోదు, దానికి వేరే తయారవ్వాలి. అది తర్వాత రాస్తా. ముందు ఆర్డరు వచ్చిన కవరు మీద పోస్టాఫీసు ముద్ర ఫోటో తీసి పంపు.

మీ పెదనాన్న,
నెల్లూరు