మా వాణ్ణే ఎందుకు ఎంచుకున్నారు?

ప్రశ్న: నమస్తే మేడం. మాది అనంతపురం, ఆరేళ్లుగా బెంగళూరులో మారతహళ్లి దగ్గర ఉంటున్నాం. బాబు మూడో తరగతి. వాళ్ల స్కూల్లో ఒక రీసెర్చ్ కంపెనీ వాళ్లు సోషల్ ఎమోషనల్ లెర్నింగ్ అని ప్రోగ్రాం పెడుతున్నారు, వారానికో క్లాసు, ట్యాబ్‌లో ఆటలు, మొదట్లో ఒకసారి చివర్లో ఒకసారి ప్రశ్నలు అడుగుతారట. సంతకం పెట్టమని ఫారం పంపారు. మా వాడి సెక్షన్‌కి ఇప్పుడే, పక్క సెక్షన్‌కి మాత్రం వచ్చే ఏడాది అంటున్నారు. వాడికి కోపం ఎక్కువ, ఆటలో ఓడిపోతే ఏడ్చేస్తాడు, అందుకే ఎంచుకున్నారేమోనని టెన్షన్‌గా ఉంది. మా అత్తగారేమో పిల్లల మీద ప్రయోగాలేంటి, వద్దంటే వద్దంటున్నారు.

జవాబు: ముందు ఆ టెన్షన్ పక్కన పెట్టండమ్మా. సెక్షన్ మొత్తానికి ఫారం వచ్చిందంటే మీ వాణ్ణి ఎవరూ వేలెత్తి చూపలేదనే. తన మనసులో ఏమవుతోందో తెలుసుకోవడం, కోపం వచ్చినా చెయ్యి ఆపుకోవడం, ఎదుటివాడి బాధ కనిపెట్టడం, స్నేహం నిలబెట్టుకోవడం, ఆలోచించి నిర్ణయించుకోవడం, సోషల్ ఎమోషనల్ లెర్నింగ్ అంటే ఈ ఐదే, వీటిని అందరు పిల్లలకీ నేర్పొచ్చని అమెరికాలో 1994లో మొదలైన క్యాసెల్ అనే సంస్థ చెబుతూ వస్తోంది. మన 2020 జాతీయ విద్యా విధానంలోనూ ఈ ప్రస్తావన ఉంది.

మీ అత్తగారి మాట నేను కొట్టిపారేయను, ఇది ప్రయోగమే. అయితే పరీక్షించి చూడకుండానే స్కూళ్లకు అమ్మేసేవాళ్ల కన్నా ఇలా పరీక్షించేవాళ్లే నాకు నయం అనిపిస్తారు. పక్క సెక్షన్‌ని ఆపింది కూడా అందుకే. ఏడాదిలో పిల్లలు ఎలాగూ ఎంతో కొంత ఎదుగుతారు కదా, ఆ మార్పు ప్రోగ్రాం వల్ల వచ్చిందా లేక వయసు వల్లా అని తెలియాలంటే పోల్చడానికి ఇంకో సెక్షన్ ఉండాలి. 2011లో ఇలాంటి 213 ప్రోగ్రాముల ఫలితాలు, అంటే 2,70,000 మందికి పైగా పిల్లలవి, కలిపి చూశారు. ఎక్కువ భాగం అమెరికా బడులే. ప్రవర్తనతో పాటు చదువు కూడా మెరుగైంది. వందమందిని మార్కుల వరసలో నిలబెడితే సరిగ్గా మధ్యలో ఉన్న పిల్లవాడు ఇంకో పదకొండు మందిని దాటి వెళ్లినంత. బయటి నిపుణులే రావక్కర్లేదు, క్లాసు టీచర్లు చెప్పినా ఫలించింది. అలాగని పెట్టిన ప్రతిదీ పనిచేస్తుందని కాదు. బ్రిటన్‌లో 8 వేలకు పైగా పిల్లలతో మైండ్‌ఫుల్‌నెస్ పాఠాలు, అంటే మనసుని ఇప్పటి క్షణం మీద నిలపడం నేర్పేవి, పరీక్షిస్తే, 2022లో వచ్చిన ఫలితాల్లో మామూలు క్లాసుల కన్నా అదనంగా మేలేమీ కనపడలేదు. పోల్చి చూశారు కాబట్టే అది బయటపడింది.

సంతకానికి ముందు స్కూలుకి వెళ్లి అడగండి. వాడి జవాబులు ఎవరు చూస్తారు, పేరుతో దాస్తారా నంబరుతోనా, ఎన్నాళ్లు ఉంచుతారు, మధ్యలో మానేస్తే ఏమవుతుంది, పరిశోధనలో పిల్లలకు అన్యాయం జరక్కుండా చూసే ఎథిక్స్ కమిటీ అనుమతి ఉందా. జవాబు చెప్పడానికి నసిగితే సంతకం పెట్టొద్దు. ఇంకోటి, ఆరోగ్య పరిశోధనలకు భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) 2017లో ఇచ్చిన మార్గదర్శకాల్లో ఏడేళ్లు దాటిన పిల్లల ఒప్పుకోలు కూడా తీసుకోవాలని ఉంది. ఇక్కడా అదే పాటించమనండి. ఇంట్లో మీరూ వాణ్ణి కూర్చోబెట్టి అడగండి, నీకిష్టమేనా అని.

నేనైతే అన్నిటికన్నా ముందు అడిగేది భాష గురించి. ఓడిపోతే ఏడుస్తాడన్నారే, దానికి మన తెలుగులో ఉక్రోషం అని ఎంత సరైన మాట ఉందో చూడండి. ఇలాంటి ఆటల్లో మామూలుగా కొన్ని మొహాల బొమ్మలుంటాయి, సంతోషం, దిగులు, కోపం, భయం, వాడు కోపం బొమ్మ నొక్కేసి ఊరుకుంటాడు. గెలవలేకపోయానన్న బాధా, ఏమీ చేయలేని రోషమూ కలిసి కళ్లలో నీళ్లై వచ్చేదాన్ని ఉత్త కోపం అంటే ఎలా? అలక ఇంకా వేరు, అది మనవాళ్లనుకున్న వాళ్ల మీదే వస్తుంది, బతిమాలితే పోతుంది. చిన్నబుచ్చుకోవడం, బెంగ, బిడియం, ఒక్కోటి ఒక్కోలా ఉంటుంది. ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడ, బళ్లో ఇంగ్లిష్ మాట్లాడే పిల్లవాడు మనసులో మాటని ఏ భాషలో చెబుతాడో కంపెనీ వాళ్లు ఆలోచించారో లేదో కనుక్కోండి, తెలుగులో చెప్పినా రాసుకుంటారా అని సూటిగా అడగండి. ఈలోగా వాడు ఏడ్చినప్పుడు "కోపమా, ఉక్రోషమా నాన్నా?" అని మీరే అడిగి చూడండి. పేరు తెలిసిన పిల్లలు దాని గురించి మాట్లాడటం మొదలుపెడతారు.

ప్రశ్న: రిటైరైన టీచర్ని, జయనగర్‌లో ఉంటాను. మనవళ్లకు నీతి కథలు చెబుతాను. అవి చాలవా?

జవాబు: కథలు మానొద్దు మాస్టారూ. కాకపోతే విని ఊరుకోవడం వేరు, చేసి చూడటం వేరు. మీకు దగ్గర్లోనే ఉన్న మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్ వాళ్లు హైస్కూలు పిల్లల కోసం తయారుచేసిన జీవన నైపుణ్యాల పద్ధతిలో టీచర్లే పిల్లలతో చర్చలూ ఆటలూ నడిపిస్తారు. మీరు ఆవూ పులీ కథ చెప్పినప్పుడు ఒకణ్ణి ఆవు, ఇంకొకణ్ణి పులి చేయండి. ఆవుని వదిలేసే ముందు పులికి లోపల ఏమనిపించిందో ఆ పిల్లవాణ్ణే చెప్పనివ్వండి, తర్వాత నీకెప్పుడైనా అలా అనిపించిందా అని అడగండి. చెప్పకపోతే వదిలేయండి, మర్నాడు అడగొచ్చు.