పడవవాడు నోరు ఎందుకు విప్పాడు?

చిక్కడపల్లి, హైదరాబాద్

అమ్మాయీ,

నీ నవల ఆసాంతం చదివాను. దీపాల నగరం, దాని వంతెనలు, అర్ధరాత్రి మాత్రమే తెరిచే ఆ అంగడి కళ్ళకు కట్టాయి. ఊహకు నీ దగ్గర కొదవ లేదు. కథలో కథ, దాని కడుపులో ఇంకో కథ పెట్టుకుంటూ పోయినా ఎక్కడా తికమక పడనివ్వలేదు. అయితే మూడో కథ మొదలయ్యే చోట నా మనసు పుస్తకం మీద నిలవలేదు. పడవవాడు నది మధ్యలో తెడ్డు ఆపి "ఒక కథ చెబుతాను, వింటావా?" అంటాడు. ప్రయాణికుడు సరేనంటాడు. ఎందుకు చెప్పాడని వెతికితే, కాలక్షేపానికట. ఈ ఒక్క విషయం గురించే ఈ ఉత్తరం.

కథలో కథ చెప్పే ఈ విద్యకు పెద్దదిక్కు గుణాఢ్యుడు. ఆయన పైశాచీ భాషలో రాశాడని చెప్పుకునే బృహత్కథ మనకు దక్కలేదు. 11వ శతాబ్దంలో కాశ్మీర కవి సోమదేవుడు రాణి సూర్యవతి కోసం రాసిన కథాసరిత్సాగరంలో, 18 లంబకాల్లో, అంటే భాగాల్లో, మొదటిదైన కథాపీఠంలో, గుణాఢ్యుడి జీవితం ఉంది. అదంతా చరిత్ర అని నేననను. కథ చెప్పేవాడి మీద అంతకన్నా గొప్ప కథ మాత్రం నేను చదవలేదు.

ఇంతవరకు ఎవరూ వినని కథ కావాలని పార్వతి అడుగుతుంది. వాకిట్లో నందిని కాపలా పెట్టించి శివుడు ఏడుగురు విద్యాధర చక్రవర్తుల కథలు చెబుతాడు. పుష్పదంతుడనే శివగణం కంటికి కనబడకుండా లోపలికి దూరి విని, ఇంటికెళ్ళి భార్య జయకు చెప్పేస్తాడు. ఆమె వెళ్ళి అవే కథలను పార్వతికే చెబుతుంది! అందరికీ తెలిసిన పాత కథ తనకు చెప్పాడని పార్వతికి శివుడి మీద కోపం. అసలు సంగతి తెలిశాక పుష్పదంతుడికి శాపం, అతని తరఫున మాట్లాడబోయిన మాల్యవంతుడికీ శాపం. ఇద్దరూ మనుషులుగా పుట్టాలి. పుష్పదంతుడు ఆ కథను వింధ్యలో పిశాచంగా పడివున్న కాణభూతికి చెబితే తనకు విముక్తి. కాణభూతి దాన్ని మాల్యవంతుడికి చెబితే తనకు విముక్తి. మాల్యవంతుడు లోకానికి పంచితే అతనికీ విముక్తి. ఆ మాల్యవంతుడే గుణాఢ్యుడు.

ఇక్కడ ఆగి చూడు. ఆ వరసలో ఒక్కడు కూడా ఊరికే నోరు విప్పలేదు. చెప్పేవాడి బతుకు ఆ చెప్పడం మీదే ఆధారపడి ఉంది. వినేవాడు కూడా దారిన పోయే ఎవడో కాదు, ఆ ఒక్కడే వినాలి.

భాష కూడా అలాగే వచ్చింది. శాతవాహన రాజుకు సంస్కృత వ్యాకరణం ఆరేళ్ళలో నేర్పుతానని గుణాఢ్యుడు అంటే, ఆరు నెలలు చాలని అదే కొలువులోని మంత్రి శర్వవర్మ అన్నాడు. నువ్వు నేర్పగలిగితే సంస్కృతం, ప్రాకృతం, దేశభాష మూడూ వదిలేస్తానని గుణాఢ్యుడు పందెం కాశాడు. ఓడి, మాట పలకకుండా అడవి పట్టాడు. మిగిలింది పిశాచాల భాష ఒక్కటే, కాణభూతి చెప్పింది కూడా అందులోనే. అడవిలో సిరా లేదు. తన నెత్తుటితో ఏడేళ్ళపాటు ఏడు లక్షల శ్లోకాలు రాశాడు. శిష్యులు పట్టుకెళితే, భాష పైశాచి, రాత నెత్తురు అని రాజు వెనక్కి పంపాడు.

తరువాతి ఘట్టాన్ని నువ్వు నెమ్మదిగా చదవాలి. గుణాఢ్యుడు అగ్నిగుండం రాజేసి ఒక్కో ఆకూ పైకి చదువుతూ, చదివినదాన్ని మంటలో వేస్తున్నాడు. జింకలు, అడవిపందులు, దున్నలు చుట్టూ నిలబడి మేత మాని కన్నీళ్ళు కారుస్తూ వింటున్నాయి. అక్కడ కోటలో రాజుకు జబ్బు చేసింది. వైద్యులు ఎండిన మాంసం తినడమే కారణమన్నారు. వంటవాళ్ళను అడిగితే వేటగాళ్ళు తెచ్చేదే అలా ఉందన్నారు. వేటగాళ్ళను అడిగితే, కొండ మీద ఒక బ్రాహ్మణుడు ఏదో చదివి కాలుస్తున్నాడు, జంతువులు మేయడం లేదన్నారు. రాజు పరుగున వెళ్ళేసరికి ఆరు లక్షలు బూడిదయ్యాయి. శిష్యులకు ఇష్టమని అట్టేపెట్టిన నరవాహనదత్తుడి కథ, లక్ష శ్లోకాలు, మిగిలింది.

కాదన్న కథ రాజు కంచంలోకి వచ్చి కూర్చుంది! లోపలి కథ బయటి కథలో ఏదో ఒకటి మార్చి తీరాలని నేనెంత చెప్పినా ఇంత బాగా చెప్పలేను. బేతాళ కథలు నీకు తెలిసినవే, చందమామలో మనవాళ్ళంతా చదివినవే. జవాబు తెలిసీ చెప్పకపోతే తల పగులుతుంది, చెబితే మౌనం పోయి శవం చెట్టెక్కుతుంది. ఆ బిగింపు లేకపోతే అవి విడి కథలుగా మిగిలేవి.

పుస్తకాలే అక్కర్లేదు. ఒకరోజు సెలవు పెట్టి సిటీ సివిల్ కోర్టు ఆవరణలో కూర్చో. ఇంటి వాటా కోసం వచ్చిన ఒక పెద్దావిడ వకీలు గుమాస్తాకు తన గోడు చెబుతుంటే విను. వాటా సంగతి చెప్పాలంటే తమ్ముడి పెళ్ళి చెప్పాలి, ఆ పెళ్ళి చెప్పాలంటే తాత చేసిన అప్పు చెప్పాలి. గుమాస్తా గడియారం చూస్తుంటాడు, ఆవిడ అప్పు కథలోకి దిగుతూనే ఉంటుంది. ఆ దావా గెలవాలంటే ఆ అప్పు కథ కావాలి మరి. కథలో కథ అక్కడ అలంకారం కాదు.

ఇప్పుడు నీ పడవవాడి దగ్గరకు వద్దాం. రెండో కథలో ప్రయాణికుడి అన్న నదిలో పోయాడని నువ్వే రాశావు. ఆ రాత్రి తెడ్డు పట్టింది ఇతనే అయితే? అవతలి ఒడ్డు చేరేలోపు చెప్పాలి, చెప్పాక ఒడ్డు చేరతాడో లేదో తెలియదు. అప్పుడు కథ సాగదీస్తాడు, పేర్లు మారుస్తాడు, ఒకచోట నోరు జారుతాడు. ప్రయాణికుడు "ఆ అబ్బాయి చొక్కా ఏ రంగు?" అని అడుగుతాడు. నీ వర్ణనలు సగం వాటంతటవే రాలిపోతాయి, బాధపడకు.

కొత్త ప్రపంచాలు రాసేవాళ్ళు మన తెలుగులో ఇంకా ఎంతోమంది రావాలని నా ఆశ. నీ నగరం పటం, రాజుల వంశవృక్షం నాకు పంపనక్కర్లేదు. సుల్తాన్ బజార్‌లోని శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయంలో కథాసరిత్సాగరం దొరుకుతుందేమో అడిగి చూడు, దొరికితే ముందు కథాపీఠం చదువు. ఆ తరువాత పడవ అధ్యాయం ఒక్కటీ తిరగరాసి పంపు. అంగడివాడు చెప్పే నాలుగో కథ సంగతి అది చూశాక మాట్లాడుకుందాం. అతనికి కూడా ఏదో కారణం ఉండే ఉంటుంది, నువ్వింకా అడగలేదు.

ఆశీస్సులతో