బెంగాలీ సినిమా అవార్డుల కథ: పూజా పందిట్లో క్విజ్ ఓడిపోయి తెలుసుకున్నది

ప్రశ్న: మనకు నంది అవార్డుల్లాగా బెంగాలీ సినిమాలకు కూడా సొంత అవార్డులున్నాయా? ఉంటే ఎప్పుడు మొదలయ్యాయి?

ఉన్నాయండీ. ఒకటి కాదు, అరడజను దాకా ఉంటాయి. కానీ చరిత్ర అని అడిగారు కాబట్టి ముఖ్యంగా ఒకదాని గురించే చెప్పాలి. దాని పేరు నాకు తెలిసింది నలుగురిలో పరువు పోయాకే.

ఉద్యోగం వల్ల కలకత్తాలో కొన్నేళ్లు ఉన్నాను. లేక్ మార్కెట్ దగ్గర అద్దె గది. అక్కడైతే కరివేపాకు, ఇడ్లీ బియ్యం, అరిటాకులు అన్నీ దొరుకుతాయి కాబట్టి దక్షిణాది వాళ్లం ఎక్కువగా ఆ చుట్టుపక్కలే చేరతాం. దుర్గాపూజ రోజుల్లో మా వీధి పందిట్లో క్విజ్ పెట్టారు. బెంగాలీలకు చేపలెంతో క్విజ్ అంతే. సినిమా రౌండు రాగానే నాకు హుషారొచ్చింది. క్విజ్ నడిపిస్తున్న పెద్దాయన, "ఈ మూడింటిలో ఏది ముందు మొదలైంది? ఫిల్మ్‌ఫేర్, జాతీయ అవార్డులు..." అనగానే మూడో పేరు వినకుండానే బజర్ నొక్కేశాను. "ఫిల్మ్‌ఫేర్! 1954 మార్చి, బొంబాయి మెట్రో థియేటర్. జాతీయ అవార్డులు అదే ఏడాది అక్టోబరులో" అని నెలలతో సహా అప్పజెప్పాను. ఆయన నవ్వి, "తేదీలు రెండూ సరిగ్గానే చెప్పావు బాబూ, జవాబే తప్పు. మూడోది బి.ఎఫ్.జె.ఏ." అన్నారు. పందిరంతా నవ్వు.

బి.ఎఫ్.జె.ఏ. అంటే బెంగాల్ ఫిల్మ్ జర్నలిస్ట్స్ అసోసియేషన్. 1937లో పుట్టిన సంఘం. దేశంలో సినిమా విమర్శకుల సంఘాల్లో ఇదే పాతదని చెబుతారు. ఫిల్మ్‌ఫేర్ రావడానికి పదిహేనేళ్ల ముందు నుంచే కలకత్తాలో పత్రికల వాళ్లు కూర్చుని ఆ ఏడు ఏ సినిమా బాగుందో తేల్చి బహుమతులిస్తున్నారన్నమాట. ప్రభుత్వం ఇచ్చేది కాదు, నిర్మాతలు ఇచ్చేదీ కాదు. నంది మన ప్రభుత్వం 1964లో పెట్టినది కాబట్టి దీనికి అది సరైన పోలిక కాదు.

ఆ క్విజ్ పెద్దాయన మా పక్క సందులోనే ఉండేవారు. అందరూ ఆయన్ని జేఠూ అనేవాళ్లు, అంటే పెదనాన్న వరస. వయసులో ఉన్నప్పుడు ఒక చిన్న వారపత్రికకు సినిమా సమీక్షలు రాశారట. నా మొహం చూసి జాలేసిందో ఏమో, పండగయ్యాక ఇంటికి రమ్మన్నారు. అక్కడ టీ తాగుతూ విన్నదీ, తర్వాత అలీపూర్ నేషనల్ లైబ్రరీలో పాత పత్రికలు తిరగేసినదీ కలిపి చెబుతున్నాను.

మొదట నాకు వింతగా అనిపించింది ఒకటుంది. పేరు బెంగాల్ సంఘమే అయినా అవార్డులు బెంగాలీ సినిమాలకు మాత్రమే కాదు. హిందీ సినిమాలకు విడిగా ఉత్తమ నటుడు, నటి, దర్శకుడు ఉండేవారు. విదేశీ సినిమాలకు ఇంకో విభాగం. ఎందుకలా అని అడిగితే జేఠూ నన్నే ఎదురు అడిగారు: "అప్పట్లో సినిమా ఎక్కడ తీసేవాళ్లు?"

నిజమే కదా. కలకత్తా టాలీగంజ్‌లో బి.ఎన్. సర్కార్ న్యూ థియేటర్స్ స్టూడియో 1931లో మొదలైంది. అక్కడ ఒకే కథను బెంగాలీలో ఒకసారి, హిందీలో ఒకసారి తీసేవాళ్లు. ప్రమథేశ్ బరువా దేవదాసు అలా 1935లో బెంగాలీలో వచ్చి, తర్వాత హిందీలోనూ వచ్చినదే. ఊళ్లోనే హిందీ సినిమా తయారవుతుంటే ఊరి పత్రికల వాళ్లు దాన్ని పరాయిదని ఎందుకనుకుంటారు? అంతెందుకు, మన సి. పుల్లయ్యగారు 1934లో లవకుశ తీసింది కూడా కలకత్తాలోనే, ఈస్ట్ ఇండియా ఫిల్మ్ కంపెనీకి. ఈ మాట చెబితే జేఠూ కళ్లజోడు తీసి నన్ను పైకీ కిందకీ చూశారు. ఆ రోజు నాకు దక్కిన మొదటి మార్కు అదే.

తర్వాత ఒక్కొక్కటే పోటీకి వచ్చాయి. జాతీయ అవార్డులు రావడంతో బెంగాలీకి విడిగా ప్రాంతీయ పతకం దొరికింది. సత్యజిత్ రాయ్ మొదటి సినిమాకే 1955 సంవత్సరానికి రాష్ట్రపతి స్వర్ణపతకం వచ్చేసింది. ఇక అందరూ ఢిల్లీ వైపు చూడటం మొదలుపెట్టారు. నటులకు జాతీయ అవార్డులివ్వడం 1967 సినిమాలతో మొదలైతే, మొట్టమొదటి ఉత్తమ నటుడు బెంగాలీ హీరో ఉత్తమ్ కుమార్, రెండు సినిమాలకు కలిపి. నటీమణికిచ్చే అవార్డు పేరు అప్పుడు ఊర్వశి. తొలి ఏడు నర్గీస్‌కి, రెండో ఏడు మన తెనాలి శారదకి వచ్చింది. మనం ఆమెను ఇప్పటికీ ఊర్వశి శారద అనే అంటాం కదా, ఆ బిరుదు అక్కడిదే. మూడో ఏడు మళ్లీ కలకత్తాకి, మాధవీ ముఖర్జీకి.

ఇక బెంగాలీ భాష అంటే సరిహద్దుకు ఇవతల మాత్రమే కాదు, ఇది చాలామంది మర్చిపోతారు. బంగ్లాదేశ్ తన జాతీయ చలనచిత్ర పురస్కారాలను 1975 సినిమాలతో మొదలుపెట్టింది. మొదటి ప్రదానం 1976 ఏప్రిల్ 4న. తొలి ఉత్తమ నటి బబిత, అంతకు రెండేళ్ల ముందే రాయ్ సినిమాలో చేసిన అమ్మాయి. వరసగా మూడేళ్లు ఆవిడే గెలిచారు. కొత్తగా పుట్టిన దేశం కొన్నేళ్లకే సినిమాలకు పురస్కారం పెట్టుకోవడం నాకు చాలా పెద్ద విషయంగా అనిపిస్తుంది. ఢాకాలో పాఠకుల ఓట్లతో ఇచ్చే మేరిల్ ప్రథమ్ ఆలో అవార్డులు 1998 నుంచి ఉన్నాయి.

కలకత్తాలో ఆనందలోక్ పత్రిక అవార్డులు కూడా అదే దశకంలో వచ్చాయి. పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం 2012 నుంచి ఉత్తమ్ కుమార్ వర్ధంతి, అంటే జులై 24 సందర్భంగా మహానాయక్ సమ్మాన్ ఇస్తోంది. ఫిల్మ్‌ఫేర్ 2014లో తూర్పు రాష్ట్రాల కోసం బెంగాలీ, అస్సామీ, ఒడియా కలిపి ఒక వేడుక పెట్టింది. ఇప్పుడు బంగ్లా పేరుతోనే విడిగా ఇస్తున్నారు. స్టేజీ, డ్యాన్సులు, రెడ్ కార్పెట్, అదంతా మీరు టీవీలో చూసేదే. దాని గురించి నేను చెప్పేదేం లేదు.

ఈ హడావిడిలో పాత బి.ఎఫ్.జె.ఏ. నెమ్మదిగా చల్లబడి, చివరికి ఆగిపోయింది. 2017 నుంచి వెస్ట్ బెంగాల్ ఫిల్మ్ జర్నలిస్ట్స్ అసోసియేషన్ పేరుతో విమర్శకులు మళ్లీ ఇస్తున్నారు. ఆ వేడుకకు వాళ్లు పెట్టుకున్న పేరు సినేమార్ సమావర్తన్. సమావర్తనం అంటే మనకూ తెలిసిన మాటే, గురుకులంలో చదువు ముగిసినప్పుడు చేసే స్నాతకం. అవార్డుల పేర్లన్నింట్లో నాకు బాగా నచ్చిన పేరు ఇదే. కానీ ఇక్కడ పాత రోజుల్లా హిందీకి, హాలీవుడ్‌కి మార్కులు వేయరు, బెంగాలీ సినిమాలే. ఒకప్పుడు కలకత్తాలో కూర్చుని దేశం మొత్తానికి తీర్పు చెప్పిన వాళ్లు ఇప్పుడు సొంతింటి వరకే చూసుకుంటున్నారు. తప్పనడం లేదు. బొంబాయి అంత పెరిగాక ఇంకేం చేస్తారు? అయినా ఆ పాత ధీమా నాకు ఇష్టం.

ఆ ధీమా ఎలా ఉండేదో జేఠూ ఇంట్లో కళ్లారా చూశాను. ఆయన దాచుకున్న కాగితాల్లో 1967 నాటి విజేతల జాబితా ఒకటుంది, మడతల దగ్గర చిరిగిపోయి. అందులో హిందీ విభాగం ఉత్తమ నటి వహీదా రెహమాన్, తీస్రీ కసమ్ సినిమాకు. ఆయన ఆ పేరు మీద వేలు పెట్టి, "బొంబాయి అమ్మాయి, కానీ మా రాయ్ దగ్గర కూడా చేసింది" అని గర్వంగా చెప్పారు.

నేను ఊరుకోలేదు. "జేఠూ, బొంబాయి తర్వాత. ముందు మా అమ్మాయి" అని ఫోన్‌లో 1955 నాటి రోజులు మారాయిలో వహీదా డ్యాన్స్ చేసిన పాట పెట్టాను. ఏరువాక సాగారో. ఆయన రెండు నిమిషాలు విని, "ఈ ట్యూన్ నాకు తెలుసే" అన్నారు. తెలియకుండా ఎలా ఉంటుంది? మాస్టర్ వేణు కట్టిన ఆ బాణీనే ఎస్.డి. బర్మన్ 1960లో బంబయ్ కా బాబూలోకి తీసుకున్నారు. ఆయన బెంగాలీ, అందులో హీరోయిన్ సుచిత్రా సేన్ బెంగాలీ. జేఠూ పాట మళ్లీ పెట్టమన్నారు. లోపలి నుంచి పెద్దమ్మ వచ్చి గుమ్మం దగ్గర నిలబడి విన్నారు. ఆ రోజు టీతో పాటు సందేశ్ మిఠాయి కూడా వచ్చింది.

మరుసటి ఏడు పూజకు మళ్లీ క్విజ్ పెట్టారు. సినిమా రౌండులో ఆయన అడిగిన ఆఖరి ప్రశ్న: "బి.ఎఫ్.జె.ఏ. అవార్డు పొందిన వహీదా రెహమాన్‌కి పేరు తెచ్చిన తొలి పాట ఏ భాషలోది?" కొందరు హిందీ అన్నారు, ఒకరు తమిళం అన్నారు. నేను బజర్ మీద చెయ్యి వేశాను. ఆయన మైకులోనే, "ఆ తెలుగు అబ్బాయి తప్ప ఎవరైనా చెప్పొచ్చు" అన్నారు.