‘ప్రైవేట్’ అన్న మాట ఎక్కడ రాసి ఉంది?

ప్రశ్న: మేము చెన్నై పెరంబూరులో స్థిరపడిన నెల్లూరు వాళ్లం. మా నాన్నగారికి డెబ్బై ఏళ్లు నిండాయని 2023 డిసెంబరులో ఆరుగురం అండమాన్ వెళ్లాము. నీల్ దీవిని ఒక్క రోజులో చూపించే ప్రైవేట్ టూర్‌ను, మాకు తెలిసిన తెలుగాయన చెన్నైలో నడిపే ట్రావెల్స్ ద్వారా 46,000 రూపాయలకు మాట్లాడుకున్నాము. బండి మాకొక్కరికే అనీ, వెంట గైడు ఉంటాడనీ చెప్పారు. డిసెంబరు 27న దీవిలో దిగేసరికి మరో పదకొండు మందితో కలిపి వ్యాన్ ఎక్కించారు. గైడు రాలేదు. భరత్‌పూర్ బీచ్‌లో మిగతావాళ్ల కోసం రెండు గంటలు కాచుకున్నాము. సహజ శిలావంతెన దగ్గరికి చేరేసరికి దారిని నీళ్లు కమ్మేశాయి. అక్కడే నాచురాళ్ల మీద నాన్నగారు జారిపడి కుడి మణికట్టు విరిగింది. ఆయన ఇప్పటికీ ఆ రోజును తలచుకుని కంటతడి పెట్టుకుంటారు. ట్రావెల్స్ ఆయన ‘చూద్దాం, చేద్దాం’ అంటూ గడిపి, చివరికి వచ్చే టూర్‌లో 10,000 తగ్గిస్తానన్నారు. దీవిలోని ఆసుపత్రి చీటీ పోయింది. మా బావమరిది స్నేహితుడైన డాక్టరు ఆ రోజు తేదీతో సర్టిఫికెట్ ఇస్తానంటున్నారు. పాతిక లక్షల పరిహారానికి కేసు వేయవచ్చా?

జవాబు: మీ ఉత్తరం ఆరు పేజీలు ఉంది. అందులో అయిదు పేజీలు నాన్నగారి బాధకే సరిపోయాయి. వినియోగదారుల కమిషన్ మాత్రం మొదట అడిగేది వేరు: ‘ప్రైవేట్’ అన్న మాట మీకు ఎవరు, ఎప్పుడు, దేని మీద రాసి ఇచ్చారు?

మీరు జతపరచిన కాగితాలలో దీనికి పనికివచ్చేవి రెండే. మొదటిది 2023 నవంబరులో వాట్సాప్‌లో వచ్చిన కొటేషన్. అందులో ‘నీల్ డే టూర్, ప్రైవేట్ బేసిస్, గైడుతో’ అని స్పష్టంగా ఉంది. రెండవది డిసెంబరు 26 రాత్రి వచ్చిన వోచరు. దాని కుడివైపు మూలన చిన్న అక్షరాలతో ‘ఎస్.ఐ.సి.’ అని ఉంది. సీట్ ఇన్ కోచ్ అన్న మాటకు అది పొట్టిరూపం. అంటే ఒకే బండిలో ఎవరికి వారికి విడివిడిగా సీట్లు అమ్మే పద్ధతి. ట్రావెల్స్ వ్యాపారంలో ఉన్నవారందరికీ ఇది తెలిసిన మాట. ఈ మూడు అక్షరాల గురించి మీ ఆరు పేజీలలో ఒక్క వాక్యం కూడా లేదు గనుక, ఆ వోచరును మీరు ఈనాటికీ చదవలేదని నాకు అర్థమయింది. మీ కేసు గెలుపోటములు ఈ రెండు కాగితాల మధ్య ఉన్నాయి.

ఎదుటి పక్షం చెప్పబోయేది ఊహించడం కష్టం కాదు. వోచరు ముందే ఇచ్చామనీ, దానిలో ఎస్.ఐ.సి. అని ఉందనీ, మారుమాట లేకుండా వ్యాన్ ఎక్కారు గనుక మార్పుకు మీరు ఒప్పుకున్నట్టేననీ అంటారు. దీనికి మీ సమాధానం ఉంది. కొటేషన్‌కు మీరు సరేనని డబ్బు కట్టిన రోజునే ఒప్పందం కుదిరింది. కుదిరిన ఒప్పందాన్ని మార్చాలంటే ఇరుపక్షాలూ అంగీకరించాలని 1872 నాటి కాంట్రాక్టు చట్టం 62వ సెక్షన్ చెబుతుంది. డబ్బంతా ముందే తీసుకుని, తెల్లవారితే ఓడ ఎక్కవలసిన కుటుంబానికి రాత్రిపూట ఒక వోచరు పంపి, మౌనంగా ఉన్నారు గనుక ఒప్పుకున్నారనడం నిలవదు. చెప్పిన సేవను చెప్పిన తీరులో అందించకపోవడం 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం 2(11) ప్రకారం సేవాలోపమే.

అయితే మీరు మౌనంగా లేరని చూపించే ఆధారం కావాలి. అది మీ దగ్గర ఉంది, దాని విలువ మీకే తెలియలేదు. ‘మా ఆవిడ వ్యాన్‌లోంచే ఆయనకు వాయిస్ మెసేజ్ పెట్టి గట్టిగా అడిగింది’ అని అయిదో పేజీ చివర ఒక్క వాక్యం రాసి వదిలేశారు. మీ కేసులో అన్నింటికన్నా బలమైన సాక్ష్యం ఆ మెసేజే. తేదీతో, సమయంతో, ప్రయాణం జరుగుతుండగానే పంపిన అభ్యంతరం అది. అదే పేజీలో, దీపావళి ఆఫరులో ఆ పాత ఫోను ఎక్స్ఛేంజ్‌కు ఇవ్వబోతున్నామని కూడా రాశారు. దయచేసి ఇవ్వకండి. ఫోనులో ఏదీ చెరపకుండా, సంభాషణ మొత్తాన్ని ఎక్స్‌పోర్ట్ చేసి రెండుచోట్ల భద్రపరచండి. భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ ప్రకారం ఎలక్ట్రానిక్ రికార్డుతో పాటు రెండు భాగాల ధ్రువపత్రం ఉండాలి. మొదటి భాగంపై మీ శ్రీమతి, రెండవ భాగంపై నిపుణుడు సంతకం చేయాలి. వినియోగదారుల కమిషన్లు సాక్ష్యచట్టాన్ని అక్షరాలా పట్టుకోవు, నిజమే. అయినా ఎదుటి వకీలుకు ఆ సందు ఇవ్వడం ఎందుకు? సంభాషణ తెలుగులో ఉంది గనుక, తేదీల వరుసలో ఇంగ్లీషు అనువాదం కూడా జతచేయాలి.

ఇక్కడ ఒక మాట కఠినంగానే చెప్పాలి. పరాయి ఊరిలో మన భాష మాట్లాడేవాడు కనిపిస్తే కలిగే నమ్మకం సహజమే, కాదనను. కానీ డెబ్బై ఏళ్ల మనిషిని తీసుకుని సముద్రం దాటి వెళ్తూ, 46,000 రూపాయలు కట్టి, రసీదు అడగడం మొహమాటమనుకుని, చేతికి వచ్చిన వోచరును తెరిచి చూడకపోవడం మాత్రం అజాగ్రత్తే. ఆ రాత్రే ‘ఎస్.ఐ.సి. అంటే ఏమిటి?’ అని ఒక్క ప్రశ్న పంపి ఉంటే ఈ ఉత్తరం రాయవలసిన అవసరం మీకు ఉండేది కాదేమో. రసీదు లేదు గనుక, మీ శ్రీమతి ఖాతా నుంచి రెండు విడతలుగా వెళ్లిన డబ్బుకు బ్యాంకు స్టేట్‌మెంటు తీసుకోండి.

ఇప్పుడు గడువు. వినియోగదారుల రక్షణ చట్టం 69వ సెక్షన్ ప్రకారం ఫిర్యాదుకు కారణం ఏర్పడిన రోజు నుంచి రెండేళ్లలోపు దాఖలు చేయాలి. మీకు కారణం ఏర్పడింది 2023 డిసెంబరు 27న. 2025 అక్టోబరులో మీరు నాకు రాసేనాటికి మిగిలింది రెండు నెలల పైచిలుకు మాత్రమే. ‘చూద్దాం’ అని ఆయన 2024 మార్చిలో పంపిన సమాధానం నుంచి కొత్తగా రెండేళ్లు లెక్కపెట్టుకోవచ్చని మీకెవరో చెప్పారట. అది తప్పు, చూద్దామనడం బాధ్యతను ఒప్పుకోవడం కాదు. కోవిడ్ కాలపు మినహాయింపు అని మరొకరు అన్నారట. సుప్రీంకోర్టు మినహాయించింది 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 వరకు ఉన్న కాలాన్ని. మీ ప్రయాణం ఆ తరువాతది. తగిన కారణం చూపితే ఆలస్యాన్ని క్షమించే అధికారం కమిషన్‌కు ఉన్న మాట నిజమే గానీ, మీరు రాసిన ‘ఇంటి పనులలో తీరిక దొరకలేదు’ అన్నది ఆ కారణాలలో చేరదు. లీగల్ నోటీసు పంపినంత మాత్రాన గడువు ఆగదు. అందుచేత నోటీసులో పదిహేను రోజులకు మించి సమయం ఇవ్వకండి. బదులు వచ్చినా రాకపోయినా డిసెంబరు మొదటి వారంలో ఫిర్యాదు దాఖలు కావాలి. చివరి రోజు దాకా ఆగి, సెలవులు అడ్డువచ్చాయని తరువాత వాదించుకునే స్థితి తెచ్చుకోవద్దు.

ఫిర్యాదులో ఏమి రాయకూడదో కూడా చెబుతాను. ఓడలో ఇతరులతో కలిసి కూర్చోబెట్టారని మీరు వాపోయారు. పోర్ట్ బ్లెయిర్ నుంచి నీల్‌కు వెళ్లేది అందరూ టికెట్టు కొని ఎక్కే ఓడల మీదే. మీ కొటేషన్‌లో కూడా ‘ఫెర్రీ టికెట్లు’ అనే ఉంది. ప్రైవేట్ అన్న మాట వర్తించేది దీవిలో తిరిగే బండికీ గైడుకూ. ఓడ సంగతి కూడా కలిపితే ఉన్న బలం తగ్గుతుంది.

శిలావంతెన విషయంలో తొందరపడి ఆరోపణ చేయవద్దు. లక్ష్మణ్‌పూర్ వైపున్న ఆ వంతెన దగ్గరికి నీళ్లు తీసినప్పుడు, అంటే ఆటు సమయంలో మాత్రమే, పగడపు రాళ్ల మీదుగా నడిచి వెళ్లగలరు. పోటు సమయంలో ఆ దారి మునిగిపోతుంది. ఆటుపోట్ల వేళలు రోజురోజుకూ జరుగుతాయి; పున్నమి, అమావాస్య రోజులలో ఆటుకూ పోటుకూ మధ్య నీటి ఎత్తులో తేడా మరీ ఎక్కువ. సర్వే ఆఫ్ ఇండియా ఏటా ప్రచురించే ఆటుపోట్ల పట్టికలో పోర్ట్ బ్లెయిర్ వేళలు ఉంటాయి. 2023 డిసెంబరు 27 నాటి పుటను ముందు సంపాదించి, మీ ఓడ టికెట్లలోని రాకపోకల వేళలతో పోల్చి చూడండి. మీరు భరత్‌పూర్‌లో కాచుకున్న రెండు గంటలలోనే దారి మునిగిందని తేలితే, ఇతరులతో కలిపి తిప్పడం వల్ల జరిగిన నష్టం సూటిగా రుజువవుతుంది. అలా కాక, మీరు దీవిలో ఉన్నంతసేపూ నీళ్లు తీసే వేళే లేదని తేలితే, ఆలస్యం అన్న వాదన కూలిపోతుంది. అప్పుడు మీ వాదన, ఆ రోజున చూపించలేని చోటును చూపిస్తామని చెప్పి డబ్బు తీసుకున్నారని. రెండూ సేవాలోపాలే. కానీ రెండింటినీ ఒకే ఫిర్యాదులో రాస్తే ఒకదాన్ని మరొకటి ఖండిస్తుంది.

ఇక ఆ సర్టిఫికెట్. వద్దు. ఆ డాక్టరు నాన్నగారిని ఆ రోజు చూడలేదు. ఆ రోజు తేదీతో కాగితం ఇస్తే అది సృష్టించిన సాక్ష్యం. వినియోగదారుల కమిషన్ ముందు జరిగేది న్యాయవిచారణగానే భావించాలని వినియోగదారుల రక్షణ చట్టం 38వ సెక్షన్ చెబుతుంది. న్యాయవిచారణలో వాడటానికి తప్పుడు సాక్ష్యం సృష్టించినవారికి భారతీయ న్యాయ సంహిత 229వ సెక్షన్ కింద ఏడేళ్ల వరకు జైలుశిక్ష పడవచ్చు. డాక్టరు రిజిస్ట్రేషన్‌కే ముప్పు. అన్నిటికన్నా ముందు, చెన్నైలో ఉన్న డాక్టరు అదే రోజు దీవిలో జారిపడిన రోగిని ఎలా చూశాడన్న ఒక్క ప్రశ్నతో మీ నిజమైన కేసు కూడా అబద్ధంగా కనిపిస్తుంది. నాన్నగారి చేత ఆ కాగితాన్ని బలపరుస్తూ ప్రమాణపత్రం మీద సంతకం పెట్టించవలసి వస్తుందని మీరు ఆలోచించారా?

పైగా ఆ అవసరమే లేదు. డిసెంబరు 30న చెన్నైలో పిండికట్టు వేసిన ఆసుపత్రి బిల్లు మీ దగ్గర ఉంది. అక్కడి కేస్ షీట్‌లో, దెబ్బ ఎలా తగిలిందని రోగిని అడిగి డాక్టరు రాసుకునే భాగం ఒకటి ఉంటుంది. ‘మూడు రోజుల క్రితం దీవిలో రాళ్ల మీద జారిపడ్డారు’ అన్న అర్థంలో ఆ రోజునే రాసిన ఒక వాక్యం అక్కడ దొరికితే, కేసు ఆలోచన పుట్టకముందు రాసినది గనుక దాన్ని కమిషన్ నమ్ముతుంది. చికిత్స మొదలైన నాటి నుంచి మూడేళ్లు రికార్డు ఉంచాలనీ, రోగి అడిగితే 72 గంటలలో ఇవ్వాలనీ 2002 నాటి వైద్య వృత్తి నియమావళి చెబుతుంది. దీవిలో కట్టు కట్టింది ప్రభుత్వ ఆరోగ్య కేంద్రం గనుక, ఆ రోజు ఓ.పి. రిజిస్టరు ప్రతి కోసం సమాచార హక్కు చట్టం కింద నాన్నగారి పేరిటే, ఆయన గుర్తింపు కార్డుతో దరఖాస్తు చేయండి. వారు బదులివ్వడానికి గడువు ముప్పై రోజులు.

పాతిక లక్షల సంగతి. కమిషన్ మీ కన్నీటిని తక్కువ చేయదు, కానీ పరిహారాన్ని రుజువైన నష్టాన్ని బట్టి లెక్కకడుతుంది. 46,000లో ప్రైవేట్ బండికీ గైడుకూ సంబంధించిన భాగం వడ్డీతో సహా వాపసు, వైద్య ఖర్చులు, మానసిక వేదనకు మీరు సమర్థించుకోగలిగినంత మొత్తం, కోర్టు ఖర్చులు అడగండి. గాయానికి పరిహారం తేలికగా రాదని కూడా తెలుసుకోండి. రాళ్ల మీదికి వెళ్లింది నాన్నగారే కదా అని వారు అంటారు. ఆ వేళ అటు వెళ్లవద్దని చెప్పవలసిన గైడు, డబ్బు తీసుకుని పంపని గైడు, అక్కడ లేకపోవడమే మీ జవాబు. దానిని ప్రమాణపత్రంలో మీరు, మీ శ్రీమతి విడివిడిగా, చూసింది చూసినట్టు రాయాలి.

వోచరు అడుగున ‘వివాదాలు పోర్ట్ బ్లెయిర్ కోర్టుల పరిధిలోనివి’ అని ఉన్నందుకు భయపడనక్కరలేదు. ఫిర్యాదీ నివసించే చోటే దాఖలు చేసుకునే హక్కును అదే చట్టం 34వ సెక్షన్ ఇచ్చింది. మీ పిన్‌కోడ్‌ను బట్టి చెన్నై ఉత్తరమో దక్షిణమో సరిచూసుకుని, వినియోగదారుల కమిషన్ల ఆన్‌లైన్ పోర్టల్ అయిన ఈ-జాగృతి ద్వారా ఇంటి నుంచే దాఖలు చేయవచ్చు. చెల్లించిన మొత్తం అయిదు లక్షల లోపు గనుక రుసుము లేదు. డబ్బు కట్టిన మీ శ్రీమతిని మొదటి ఫిర్యాదీగా, సేవ పొందవలసిన వ్యక్తిగా నాన్నగారిని రెండవ ఫిర్యాదీగా చూపండి. చెన్నై ట్రావెల్స్‌తో పాటు వోచరుపై పేరున్న దీవిలోని నిర్వాహకుణ్ణి కూడా ప్రతివాదిగా చేర్చండి. లేకపోతే తప్పు అక్కడివాడిదేనని ఇక్కడివారు తప్పించుకుంటారు. వోచరులో నీల్ అనీ పోర్ట్ బ్లెయిర్ అనీ ఉంది. 2018లో దీవి పేరు షహీద్ ద్వీప్‌గా, 2024లో పట్టణం పేరు శ్రీ విజయపురంగా మారాయి గనుక, నోటీసు చిరునామాలో పాత పేరు, కొత్త పేరు రెండూ రాయండి.

ఆయన ఇస్తానన్న 10,000 తగ్గింపుకు సంబంధించి ‘ఇకపై ఎటువంటి క్లెయిము లేదు’ అన్న కాగితం పంపితే సంతకం చేయకండి. సమాచార హక్కు దరఖాస్తూ, చెన్నై ఆసుపత్రికి రాసే లేఖా ఈ వారమే వెళ్లాలి. ఆరోగ్య కేంద్రం నుంచి ప్రతి రావడం ఆలస్యమైతే ఫిర్యాదును ఆపకుండా దాఖలు చేసి, ఆ ప్రతిని తరువాత కమిషన్ అనుమతితో చేర్చుకోవచ్చు.