ఉప్పు ఎక్కువైంది

చిరంజీవికి,

నీ స్క్రిప్టు మొదటిసారి పదకొండో పేజీ దాకా చదివి విసిరేశాను. అక్కడ నీ రిటైరైన మాస్టారు కిటికీ దగ్గర నిలబడి, వానను చూస్తూ "నేను ఒంటరివాణ్ణి" అంటాడు. ఎవరితో అంటున్నాడయ్యా? గదిలో పిల్లి కూడా లేదు. అలాంటివాడు ఆ మాట అనడు. పాలవాణ్ణి గుమ్మంలో నిలబెట్టి, పాల చిక్కదనం గురించి పావుగంట మాట్లాడతాడు.

'ది లంచ్‌బాక్స్' సినిమా నాలుగుసార్లు చూశానని రాశావు. ఏం చూశావు? ముంబయిలో ఇల అనే ఇల్లాలు భర్త ఆఫీసుకు పంపిన భోజనం డబ్బా దారి తప్పి, భార్య పోయిన సాజన్ ఫెర్నాండెజ్ బల్ల మీదికి చేరుతుంది. గిన్నెలు ఊడ్చినట్టు ఖాళీగా తిరిగొస్తే ఆమె మురిసిపోతుంది. ఇంటికొచ్చిన భర్త ఆలూ గోబీ బాగుందంటాడు. ఆమె వండింది అది కాదు. ఆమె ఒంటరితనం గురించి ఇంకెవరైనా నోరు విప్పాలా? మర్నాడు డబ్బాలో చీటీ పెడుతుంది. సాజన్ జవాబేమిటి? కూరలో ఉప్పు ఎక్కువైందట! స్నేహం అక్కడ మొదలవుతుంది. పై అంతస్తు ఆంటీ అయితే గొంతు, తాడుకు కట్టి దించే బుట్ట, అంతే. మనిషి కనిపించదు. నీ చేతిలో పడితే ఆవిడకొక ఫ్లాష్‌బ్యాక్ రాసేవాడివి.

నెమ్మదైన సినిమాలో ఎవరి చేతులైనా ఏదో ఒక పని చేస్తుండాలి. ఇప్పుడేమో పొగమంచు, పియానో, సముద్రం ఒడ్డున వీపు. దానికే చప్పట్లు. నాకు ఒళ్లు మండుతుంది.

విజయవాడలో లాడ్జి గదిలో ఉన్న రోజుల్లో నాకు మెస్సు నుంచి క్యారియరు వచ్చేది. జ్వరం వచ్చి మూడు రోజులు ముట్టకుండా తిప్పి పంపాను. నాలుగో రోజు అడగకుండానే మెత్తటి అన్నం, మిరియాల చారు, కాగితంలో శొంఠిపొడి వచ్చాయి. వండినావిడ ముఖం నేనెన్నడూ చూడలేదు. దాన్ని కథగా రాస్తే, ఒక వారపత్రిక సంపాదకుడు సాగదీతగా ఉందని శొంఠి పొట్లం తీసేసి, చివర "అతను ఒంటరివాడు" అని సొంతంగా తగిలించాడు. ఇన్నేళ్లకు నీ పదకొండో పేజీలో ఆ వాక్యమే ఎదురైంది. కాబట్టి నా కోపంలో నీ వాటా సగమే.

రెండోసారి మొత్తం చదివాను. సాయంత్రమైనా మాస్టారి గదిలో లైటు వెలగకపోతే, చదువు రాని వాచ్‌మన్ తలుపు కొట్టి, "పేపరు ఒకసారి ఇస్తారా సార్" అంటాడే! మాస్టారు ఏమీ అడగకుండా తెచ్చి ఇస్తాడు. అక్కడ కళ్లజోడు తీయాల్సి వచ్చింది. ఆ కిందే "వయొలిన్" అని రాశావు. కొట్టెయ్.

నిర్మాతల ఫోను నంబర్లు, హైదరాబాదుకు మకాం మార్చడం సంగతి మరోసారి చూద్దాం. ముందు ఇది చెప్పు: మర్నాడు వాచ్‌మన్ పేపరు తిరిగి తెచ్చాడా? తెస్తే ఎలా మడిచి తెచ్చాడు? ఆ సీను రాసి పంపు.

ఆశీస్సులతో,
మీ మాస్టారి వయసువాడు